గాజుగొట్టములో ఇరువది నిమిషములు

పెద్దవాని శరీరమున సుమారు అయిదు లీటర్ల రక్తము నిరంతరము ప్రవహించుచుండును. ఈ రక్తమునకు పరస్పర విరుద్ధములుగా తోచు రెండు ధర్మములు కలవు. నాళములలో నున్నంత కాలము అది నీటివలె పారవలెను. నాళము తెగినచో, ఆ తెగిన చోటనే వెంటనే గడ్డకట్టి గండిని పూడ్చవలెను. పారవలసిన చోట గడ్డకట్టినను ప్రాణాపాయమే. గడ్డకట్టవలసిన చోట పారినను ప్రాణాపాయమే. ఆరోగ్యవంతుని దేహమున ఈ రెండు ధర్మములును ఒకదాని నొకటి అదుపులో నుంచుచుండును.

ఈ సమత్వము చెడినదా, లేదా అను విషయమును రోగి పడక చెంతనే తెలిసికొనుటకు కొన్ని సులభ పరీక్షలు కలవు. వానిలో మిక్కిలి సులభమైన దానికి ఒక గాజుగొట్టము, ఒక గడియారము చాలును. విద్యుచ్ఛక్తి అక్కరలేదు; పెద్ద యంత్రము అక్కరలేదు. పాముకాటునకు గురియైన వారి విషయమున ఈ చిన్న పరీక్ష ప్రాణదాత యగుచున్నది. మన విద్యార్థులలో పెక్కుమంది రాగిచేల నడుమ, మామిడితోటల నడుమ నివసించువారు. కావున దీనిని మన విద్యార్థులును, వారి తల్లిదండ్రులును తెలిసికొనుట అవసరమని మేము తలంచితిమి.

రక్తము గడ్డకట్టు విధము

గోరువెచ్చని పాలలో చేమిరి వేసిన, పాలు పెరుగుగా తోడుకొనును. పాలలో ముందే యున్న పదార్థమే రూపము మార్చుకొనును గాని, క్రొత్త పదార్థ మేదియు ఆకాశమునుండి ఊడిపడదు. రక్తము గడ్డకట్టుటయు ఇట్టిదే. రక్తములోని ద్రవభాగమున ఫైబ్రినోజెన్ అను మాంసకృత్తు కరగి యుండును. నాళము తెగినపుడు రక్తములోని కొన్ని కారకములు ఒకదాని నొకటి మేల్కొలుపును. ఒక దీపముతో మరియొక దీపమును, దానితో వేరొక దీపమును వెలిగించినట్లు ఈ క్రియ సాగును. తుదకు త్రాంబిన్ అను పదార్థ మేర్పడి, కరగియున్న ఫైబ్రినోజెన్‌ను ఫైబ్రిన్ అను సన్నని దారములుగా మార్చును. ఆ దారములు వలవలె అల్లుకొని, ఎఱ్ఱకణములను చేపలను పట్టినట్లు పట్టి యుంచును. ఆ వలయే గడ్డ.

ఈ వరుసలో ఏ కారకము లోపించినను, లేక ఫైబ్రినోజెనే తరిగిపోయినను, వల అల్లుకొనదు. అపుడు రక్తము గొట్టములో పోసినను నీరువలెనే యుండును. ఈ యొక్క సత్యముపైననే మనము చెప్పుకొనబోవు పరీక్షలన్నియు ఆధారపడి యున్నవి.

లీ, వైట్ల పద్ధతి

1913వ సంవత్సరమున అమెరికా దేశమునందలి రోజర్ లీ, పాల్ డడ్లీ వైట్ అను ఇరువురు వైద్యులు గడ్డకట్టు కాలమును కొలుచు పద్ధతి నొకదానిని ప్రకటించిరి. రోగి సిరనుండి కొంచెము రక్తము తీసి, చిన్న గాజుగొట్టములో పోసి, దానిని కొద్దికాలమున కొకమారు వంచి చూచుచుండవలెను. గొట్టమును తలక్రిందు చేసినను రక్తము జారకుండ నిలిచిన క్షణమున గడియారమును చూచి కాలమును వ్రాసికొనవలెను. ఆరోగ్యవంతుని రక్తము సాధారణముగా పది నిమిషముల లోపుననే గట్టిపడును. ఈ వైట్ మహాశయుడే పిమ్మట హృద్రోగ నిపుణుడై, 1955లో అమెరికా అధ్యక్షుడు ఐసెన్‌హోవరునకు గుండెపోటు వచ్చినపుడు చికిత్స చేసెను.

ఇచట ఒక ప్రశ్న పొడచూపును. గొట్టము గాజుదే ఏల కావలెను? నేడు చౌకగా దొరకు ప్లాస్టిక్ గొట్టము పనికిరాదా? పనికిరాదు. గాజును తాకినంతనే రక్తములోని పండ్రెండవ కారకము మేల్కొని గడ్డకట్టు క్రియను ప్రారంభించును. ప్లాస్టిక్ అట్లు మేల్కొలుపజాలదు. ఈ కారకము బయటపడిన విధము చిత్రమైనది. అమెరికా వైద్యులు హేజ్‌మన్ అను రైల్వే ఉద్యోగి రక్తమును శస్త్రచికిత్సకు పూర్వము పరీక్షింపగా, అది గాజుగొట్టములో చాలసేపటివరకు గడ్డకట్టలేదు. అయినను ఆతడు గాయములు తగిలినపుడు అధికముగా రక్తము కోల్పోయినవాడు కాడు. ఆతని రక్తమున లేని కారకమునకు ఆతని పేరే పెట్టి హేజ్‌మన్ కారక మనిరి. అదియే పండ్రెండవ కారకము. దేహములోని గాయమును పూడ్చుటకు అది అంత ముఖ్యము కాకపోయినను, గాజుగొట్టములోని పరీక్షకు అది లేనిదే పని జరుగదు.

విశాఖపట్టణమున పాముల పరిశోధన

పాట్రిక్ రసెల్ అను స్కాట్లండు దేశపు వైద్యుడు 1781లో భారతదేశమునకు వచ్చి విశాఖపట్టణమున నివసించెను. ఏ పాము విషముగలది, ఏది కాదు అని ప్రజలు గుర్తింపజాలక భయపడుచుండుట చూచి, ఆయన కోరమండల తీరపు పాములను సేకరించి పరిశీలించెను. ఆయన గ్రంథము 1796లో ప్రకటింపబడెను. అందు పెక్కు పాములకు తెలుగు పేర్లే వ్రాయబడియున్నవి. వానిలో ‘కాటుక రేకుల పొడ’ అను పామును, నాగుపాము తరువాత అంతటి ప్రాణాంతకమైనదిగా ఆయన గుర్తించెను. అదియే రక్తపింజరి. నేడు లోకమంతయు దానిని రసెల్ పేరుతో పిలుచుచున్నది. కాని శాస్త్రజ్ఞుల పుటలలో అది మొదట తెలుగు పేరుతోనే ప్రవేశించినదని మన పిల్లలు ఎరుగుట మేలు.

విషము చేయు పని

రక్తపింజరి విషము రక్తమును పలుచన చేయునని సామాన్యముగా అనుకొందురు. నిజమునకు అది మొదట చేయునది గడ్డకట్టించుటయే. ఆ విషము అయిదవ, పదియవ కారకములను ఒక్కుమ్మడిగా మేల్కొలుపును. గాయము లేని చోటులందు సైతము ఫైబ్రినోజెన్ వ్యర్థముగా ఖర్చగుచుండును. ఏడాదికి సరిపడు గింజలను ఒక్కనాడే దంచి పారబోసిన యింట మరునాడు వంటకు గింజ మిగులనట్లు, కొన్ని గంటలలో రక్తమున ఫైబ్రినోజెన్ తరిగిపోవును. ఇక చిగుళ్లనుండి, సూది గ్రుచ్చిన చోటినుండి, మూత్రములోనుండి రక్తము కారుట ప్రారంభమగును. మెదడులో రక్తస్రావమైనచో ప్రాణమే పోవును. మూత్రపిండములు సైతము చెడును. చిన్నపింజరి విషము కూడ వేరొక మార్గమున ఇట్టి ఫలితమునే కలిగించును.

ఇదే విషమును కొలతప్రకారము వాడిన ఔషధ మగును. 1934లో ఇంగ్లండునందు మాక్‌ఫార్లేన్, బార్నెట్ అనువారు మిక్కిలి పలుచన చేసిన రక్తపింజరి విషమును, పుట్టుకతోనే రక్తము సరిగా గడ్డకట్టని రోగుల గాయములపై అద్ది, కారు రక్తమును ఆపవచ్చునని చూపిరి. చంపు గుణమును, కాచు గుణమును ఒకే వస్తువున నుండుట ప్రకృతిలో అరుదు కాదు. కొలతయు, జ్ఞానమును వానిని వేరు చేయును.

పరీక్ష చేయు విధము

1977లో నైజీరియా దేశమున పింజరి కాటునకు గురియైన రోగులను గూర్చి డేవిడ్ వారెల్ అను వైద్యుడును, ఆయన సహచరులును ప్రకటించిన పరిశీలనలో ఇట్టి సులభ పరీక్షను వాడిరి. 1994లో బ్రెజిల్ వైద్యుల పరిశీలన ఈ పరీక్షకును, ఫైబ్రినోజెన్ కొరతకును గల సంబంధమును బలపరచినది. దీనిని ‘ఇరువది నిమిషముల పరీక్ష’ యందురు. ఇది వైద్యులును, నర్సులును చేయవలసినది. ఇంట చేయదగినది కాదు. పద్ధతి ఇది.

1. శుభ్రమైన, పొడియైన, క్రొత్త గాజుగొట్టమును తీసికొందురు. సబ్బుపొడితో కడిగిన గొట్టము పనికిరాదు. దాని శేషము గాజు గుణమును చెరచును.

2. రోగి సిరనుండి అప్పుడే తీసిన రక్తమును సుమారు 2 మిల్లీలీటర్లు అందులో పోయుదురు.

3. గొట్టమును కదలింపక, గది వేడిమియందే నిలువుగా నుంచి, గడియారము చూచి 20 నిమిషములు వేచియుందురు. నడుమ వంచి చూచుట, కుదుపుట తగదు.

4. 20 నిమిషములు నిండినపిదప ఒక్కమారు మాత్రము వంచి చూతురు. రక్తము గడ్డగా నిలిచిన గడ్డకట్టినట్లు. ద్రవముగా జారిన గడ్డకట్టనట్లు.

పింజరి జాతి పాములు గల మన దేశమున, కాటు పడిన వాని రక్తము ఇట్లు ద్రవముగానే నిలిచినచో, విషము రక్తమును చెరచుచున్నదని వైద్యుడు నిర్ణయించి విషహరమును ఇచ్చును.

ఫలితమును బట్టి చికిత్స

కాటు పడిన ప్రతివానికిని మందు ఇచ్చివేయరాదా అని కొందరు అడుగవచ్చును. విషము లేని పాము కరచియుండవచ్చును. విషపుపాము కరచినను విషము ఎక్కింపకుండ విడిచియుండవచ్చును. మందు గుఱ్ఱముల రక్తమునుండి తయారగునది. గుఱ్ఱమునకు కొంచెము కొంచెముగా విషమెక్కించి, దాని రక్తమున పుట్టిన ప్రతివిషమును వేరుచేసి శుద్ధిచేయుదురు. పరజాతి ప్రాణి పదార్థము గావున కొందరి దేహములకు అది సరిపడక, దద్దురులు, ఆయాసము, రక్తపుపోటు పడిపోవుట మున్నగునవి తీవ్రముగా కలుగవచ్చును. కావున అక్కర కలదని తెలిసినపుడే ఇచ్చుట న్యాయము. తెలిసిన పిదప ఒక్క నిమిషమైనను ఆలసింపకుండుట ధర్మము.

మన దేశమున వాడు మందు నాగుపాము, కట్లపాము, రక్తపింజరి, చిన్నపింజరి అను నాలుగింటి విషములకు విరుగుడు. దానికి కావలసిన విషమును చాలవరకు సమకూర్చువారు తమిళనాడులోని ఇరుళ జాతివారు. మహాబలిపురమునకు చేరువనున్న వడనెమ్మేలిలో 1978లో స్థాపింపబడిన వారి సహకార సంఘము, పాములను పట్టి, విషము తీసి, మరల వానిని అడవిలో విడిచిపెట్టును. అక్షరములు నేర్వని పెద్దల యొద్దనుండి తరతరములుగా వచ్చిన ఆ విద్య, నేడు దేశమందలి వైద్యశాలలకు ఆధారమైనది.

మందు ఇచ్చినంతనే రక్తము గడ్డకట్టదు. మందు విషమును బంధించును గాని, పోయిన ఫైబ్రినోజెన్‌ను తెచ్చి యీయజాలదు. దానిని క్రొత్తగా తయారుచేయవలసినది కాలేయము. అందులకు ఇంచుమించు 6 గంటలు పట్టును. అందుచేత మందిచ్చిన 6 గంటలకు పరీక్షను మరల చేయుదురు. అప్పటికిని గడ్డకట్టనిచో మరల మందిత్తురు. వైద్యుడు ఆరు గంటలు ఊరక కూర్చున్నాడని బంధువులు కోపింపరాదు. ఆ యెడమునకు కారణము కలదు.

పరీక్షకు గల హద్దులు

ఏ పరీక్షయు సర్వజ్ఞము కాదు. నాగుపాము, కట్లపాము విషములు ముఖ్యముగా నరములపై పనిచేయును. కనురెప్పలు వాలుట, మాట తడబడుట, మ్రింగుట కష్టమగుట, తుదకు ఊపిరి ఆగుట వాని లక్షణములు. అట్టి రోగి రక్తము గొట్టములో చక్కగా గడ్డకట్టును. అయినను ఆతడు మరణించుచుండవచ్చును. కావున ‘గడ్డకట్టినది, భయము లేదు’ అని ఇంటికి పోరాదు. పింజరి విషమైనను మొదటి పరీక్షకు అందక, కొన్ని గంటలకు బయటపడవచ్చును. అందుకే పరీక్షను పలుమారులు చేయుచు, రోగిని కనీసము ఒక దినమైనను వైద్యశాలలో నుంచుదురు.

పద్ధతి తప్పినచో పరీక్షయే తప్పుదారి పట్టించును. శ్రీలంకలో రక్తపింజరి రోగులపై జరిగి 2013లో ప్రకటింపబడిన పరిశీలనలో, ఈ పరీక్ష దోషము గల రక్తములలో సగమునైనను పట్టుకొనలేకపోయెను. అదే దేశమున 2017లో ప్రకటింపబడిన వేరొక పరిశీలనలో, శిక్షణ పొందినవారు నియమము తప్పక చేయగా నూటికి ఎనుబదికి మించి పట్టుకొనెను. గొట్టమదే, రక్తమదే, గడియారమదే. నియమము పాటించిన చేయి మాత్రము వేరు. ప్రయోగశాలలో గురువు చెప్పిన చిన్న చిన్న నియమములను ‘ఇది ఎందులకు?’ అని త్రోసివేయు విద్యార్థులు ఈ రెండు ఫలితములను ప్రక్కప్రక్కన వ్రాసికొని చూడవలెను.

శస్త్రచికిత్సా మందిరమున

ఇట్టి పరీక్షకు పట్టణపు పెద్ద వైద్యశాలలలోను ఉపయోగము కలదు. 1953లో అమెరికాలో జాన్ గిబ్బన్ అను వైద్యుడు, గుండె పనిని, ఊపిరితిత్తుల పనిని కొంతసేపు యంత్రమునకు అప్పగించి, గుండెకు శస్త్రచికిత్స చేసి కృతకృత్యు డయ్యెను. రక్తము యంత్రపు గొట్టములలో పారునపుడు గడ్డకట్టరాదు గదా! అందులకై హెపారిన్ అను మందు నిత్తురు. అది చాలినంత పనిచేయుచున్నదా యని తెలియుటకు 1966లో హాటర్స్‌లీ అను వైద్యుడు మరియొక పడకచెంత పరీక్షను ప్రకటించెను. రక్తమును గడ్డకట్టుటకు త్వరపెట్టు ఒక మట్టిపొడిని గొట్టములో ముందే వేసి, ఎన్ని సెకనులకు గడ్డ యేర్పడునో చూతురు. సాధారణముగా రెండు నిమిషములలోపున గడ్డకట్టు రక్తము, గుండె శస్త్రచికిత్స వేళ సామాన్యముగా 480 సెకనులు దాటువరకు గడ్డకట్టకుండ నుండునట్లు చూచుకొందురు. పని ముగిసిన పిదప ప్రోటమిన్ అను విరుగుడు ఇచ్చి, మరల పరీక్షించి, రక్తమును దాని సహజస్థితికి తెత్తురు. పల్లెలో గడ్డకట్టలేదని వగచుదుము. ఇచట గడ్డకట్టరాదని కాచుకొని యుందురు. పరీక్ష వెనుక నున్న సూత్ర మొక్కటే.

పేర్లలోని చిక్కు

ఇక మనవంటి వారికి ప్రత్యేకమైన మాట యొకటి. మన యిండ్లలో తెలుగు, వైద్యశాలలో తమిళము. మేము శిక్షణ పొందిన పొరుగు రాష్ట్రమున ‘రక్తపింజరి’ యనిన ప్రతివారికిని తెలియును. ఇచట దానిని ‘కణ్ణాడి విరియన్’ అందురు. చిన్నపింజరి ‘సురుట్టై విరియన్’. నాగుపాము ‘నల్ల పాంబు’. ‘నల్ల’ యనగా తమిళమున మంచిది యని అర్థము గాని, నలుపు కాదు. నల్లని పాము కరచినదని చెప్పదలచి ‘నల్ల పాంబు’ అనిన, వైద్యుడు నాగుపాము అని గ్రహించును. కట్లపాము ‘కట్టు విరియన్’. ఇచట గొప్ప ప్రమాదము కలదు. పేరున ‘విరియన్’ అని యున్నను కట్లపాము పింజరి జాతిది కాదు. అది నరములకు చేటు తెచ్చునది. ‘విరియన్’ అని మాత్రమే చెప్పి ఊరకున్నచో వినువారు పొరబడవచ్చును. పూర్తి పేరు చెప్పవలెను. పేరు తెలియనిచో ఊహించి చెప్పక, తెలియదని చెప్పి, చూచిన గుర్తులను చెప్పవలెను.

పెద్దలకు తమిళము రాని యింట, ఇట్టి వేళ బడిపిల్లలే దుబాసులు. కాటు పడిన గంట, చోటు, కనబడిన లక్షణములు, అంతకుముందు వాడిన మందులు అను నాలుగింటిని పిల్లలు రెండు భాషలలోను తడబడక చెప్పగలుగవలెను. మాతృభాషలో చక్కగా అర్థము చేసికొన్న విషయమునే మనము పరభాషలో స్పష్టముగా చెప్పగలము.

తల్లిదండ్రులకు మనవి

2020లో ప్రకటింపబడిన పరిశీలన ప్రకారము 2000 మొదలు 2019 వరకు మన దేశమున పాముకాటు వలన సుమారు 12 లక్షల మంది మరణించిరి; అనగా సగటున ఏటికి 58,000 మంది. వారిలో నాల్గవ వంతునకు మించి పదునైదేండ్ల లోపు పిల్లలు. 2017లో ప్రపంచ ఆరోగ్య సంస్థ దీనిని నిర్లక్ష్యమునకు గురియైన వ్యాధులలో చేర్చినది. 2030 నాటికి మరణములను సగమునకు తగ్గింపవలెనని భారత ప్రభుత్వము 2024లో ఒక ప్రణాళికను ప్రకటించినది. ప్రణాళిక యెంత గొప్పదైనను, రోగి వైద్యశాలకు చేరినపుడే అది పనిచేయును.

కాటు పడినచో రోగికి ధైర్యము చెప్పి కదలకుండ పరుండబెట్టుడు. కరచిన కాలును గాని చేతిని గాని విరిగిన యెముకకు కట్టినట్లు బద్దతో నిలుపుడు. ఉంగరములు, గాజులు, మెట్టెలు తీసివేయుడు. త్రాటితో బిగించి కట్టకుడు. రక్తప్రసారము ఆగి అవయవము చెడును. బ్లేడుతో కోయకుడు, గడ్డకట్టని రక్తము గల దేహమున చిన్న గాటునుండి సైతము రక్తము ఆగక కారునని పైన చదివితిరి గదా! నోటితో పీల్చకుడు. పసరు మందులకును, మంత్రములకును కాలము వ్యర్థము చేయకుడు. మంత్రము వేసినవానికి నయమైనదన్న కథలలో పెక్కింటికి, విషము ఎక్కని కాటులే కారణము. పామును వెదకి చంపి తెచ్చుటకు పోకుడు. 108కి ఫోను చేసి, విషహరము గల వైద్యశాలకు నేరుగా తీసికొనిపొండు.

వైద్యుడు గొట్టమును ప్రక్కన బెట్టి ఇరువది నిమిషములు వేచియుండగలడు. ఆ యిరువది నిమిషములు ఆతనికి మిగులునట్లు చేయవలసినది మాత్రము మనము. ఇంటివద్ద పోగొట్టిన రెండు గంటలను ఏ గాజుగొట్టమును తిరిగి యీయజాలదు.

అభ్యాసము

1. రక్తము గడ్డకట్టుటకు, పాలు తోడుకొనుటకు గల పోలిక యేమి?

2. ఇరువది నిమిషముల పరీక్షకు ప్లాస్టిక్ గొట్టము ఏల పనికిరాదు?

3. మందిచ్చిన పిదప ఆరు గంటలకు గాని పరీక్షను మరల చేయకుండుటకు కారణమేమి?

4. రక్తము గడ్డకట్టినను రోగికి అపాయము తప్పలేదని ఎప్పుడు చెప్పవలసివచ్చును?

5. నాలుగు విషసర్పముల పేర్లను తెలుగునను, ఈ ప్రాంతపు భాషయందును వ్రాయుడు.

6. మీ యింటికి చేరువలో పాముకాటు మందు గల వైద్యశాల యేది? రాత్రివేళ అచటికి చేరు మార్గమేది? ఈ ప్రశ్నకు సమాధానమును పెద్దల నడిగి తెలిసికొని, నోటుపుస్తకమున గాక ఇంటి గోడపై అందరికిని కనబడునట్లు వ్రాయుడు.